మత్తేయి విమానం, రోసీ సినిమా, తిరిగిరాని విలేకరి

ఆఫ్రికా దేశాలతో ఇంధన ఒప్పందాల పథకానికి ఇటలీ ప్రధాని మెలోనీ ‘మత్తేయి ప్లాన్’ అని పేరు పెట్టారు. 2022 అక్టోబరు 25న పార్లమెంటులో చేసిన తొలి ప్రసంగంలోనే ఆ మాట వచ్చింది. 2024 జనవరిలో రోమ్‌లో దాని మీద ఆఫ్రికా నేతలతో సదస్సు కూడా జరిగింది. ఆ పేరుతో పాటే పాత తగవూ పైకొచ్చింది. ప్రభుత్వ చమురు సంస్థ ‘ఎని’ని నిలబెట్టిన ఎన్రికో మత్తేయి 1962 అక్టోబరు 27న విమాన ప్రమాదంలో పోయాడా, చంపేశారా? పదేళ్ల తర్వాత దీని మీద దర్శకుడు ఫ్రాంచెస్కో రోసీ తీసిన సినిమా ‘ఇల్ కాసో మత్తేయి’ (మత్తేయి కేసు) దర్యాప్తా, కుట్ర కథా?

రోసీ నేపుల్స్ బాల్యం, దర్శకుడు విస్కోంటి దగ్గర సహాయకుడిగా నేర్చుకున్న పని గురించి చాలామంది రాశారు. ఈ తగవుకు పనికొచ్చేది ఆయన పని చేసే తీరు. ‘సాల్వతోరె జులియానో’లో (1962) సిసిలీ బందిపోటు శవంతో కథ మొదలవుతుంది. తర్వాత ముందుకీ వెనక్కీ నడుస్తుంది. జులియానో ముఖం మనకు సరిగా కనిపించదు. అతన్ని వాడుకున్నవాళ్లూ, అతని చావు గురించి అధికారులు చెప్పిన కథలోని అతుకులూ కనిపిస్తాయి. మరుసటి ఏడాది నేపుల్స్ భూదందాల మీద తీసిన ‘లె మాని సుల్లా చిత్తా’లో బిల్డర్ వేషం అమెరికన్ నటుడు రాడ్ స్టైగర్‌ది. ప్రతిపక్ష కౌన్సిలర్ వేషం మాత్రం నిజంగానే ఆ నగర కౌన్సిలర్‌గా ఉన్న కార్లో ఫెర్మరియెల్లోది. వెనిస్ చిత్రోత్సవంలో దానికి అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ ఇచ్చినప్పుడు హాల్లో ఈలలు వేసి నిరసన తెలిపారు. తెలిసినంత వరకే చూపించడం, తెలియని చోట ఖాళీని ఖాళీగానే వదిలేయడం, దాన్ని కల్పిత సంభాషణతో పూడ్చకపోవడం ఆయన పద్ధతి.

1970లో మత్తేయి సినిమాకు సిద్ధమవుతున్నప్పుడు మలుపు తెచ్చింది ఆ పద్ధతే. మత్తేయి చివరి రెండు రోజులు సిసిలీలో గడిచాయి. ఆ రెండు రోజుల్లో ఎవరిని కలిశాడు, ఎక్కడ ఆగాడు, పక్కన ఎవరున్నారు అన్నది గంటగంటకూ రాసివ్వమని పలెర్మో సాయంకాల పత్రిక ‘లోరా’ విలేకరి మౌరో దె మౌరోను రోసీ కోరాడు. సహజవాయువు దొరికిన గల్యానో అనే కొండ ఊళ్లో మత్తేయి చేసిన ప్రసంగం టేపును కూడా దె మౌరో సంపాదించాడు. 1970 సెప్టెంబరు 16 రాత్రి ఇంటి ముందు కారు ఆపాడు. అక్కడి నుంచే అతన్ని ఎవరో తీసుకుపోయారు. కారు దొరికింది, మనిషి దొరకలేదు. ఈ రోజుకీ శవం కూడా లేదు.

రోసీ వెనక్కి తగ్గలేదు. దె మౌరో అదృశ్యాన్ని సినిమాలోకే తెచ్చాడు. దర్యాప్తు చేస్తున్న దర్శకుడిగా తానే తెర మీదికి వచ్చాడు. మత్తేయిగా జాన్ మరియా వొలొంతె నటించాడు. సినిమా కాన్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతిని ఎలియో పేత్రి సినిమాతో పంచుకుంది.

ప్రమాదమే అనేవాళ్ల వాదన ఇదీ: ఆ సాయంత్రం లొంబార్దీలో తుఫాను, వాన. కతానియా నుంచి రెండు గంటలు ఎగిరి మిలాన్ లినాతెలో దిగబోతున్న చిన్న జెట్ బస్కపె పొలాల్లో కూలింది. ప్రభుత్వ విచారణలో విద్రోహానికి ఆధారం దొరకలేదు, 1966లో న్యాయస్థానం కేసు మూసేసింది. మొదట ఆకాశంలోనే మంటలు చూశానన్న రైతు తర్వాత మాట మార్చాడు.

1994లో పావియా ప్రాసిక్యూటర్ విన్చెంజో కలియా కేసును తిరగదోడాక ఆ వాదన నిలబడలేదు. మత్తేయి, పైలట్ బెర్తూజ్జిల అవశేషాలను వెలికితీశారు. వాటిలో ఇరుక్కున్న లోహపు ముక్కలను, మత్తేయి ఉంగరాన్ని, విమానం పరికరాల భాగాలను సూక్ష్మదర్శిని కింద పరీక్షించారు. నేలను గుద్దుకుంటే లోహం వంగుతుంది, చిరుగుతుంది. మంటల్లో పడితే కరుగుతుంది. పేలుడు తాకిడి వీటికంటే ఎన్నో రెట్లు వేగంగా వస్తుంది. లోహం సాగడానికి వ్యవధి ఉండదు, లోపలి స్ఫటికాల్లో సన్నని సమాంతర పట్టీలు పడతాయి. నిపుణులు అలాంటి గుర్తులే చూశారు. ఇన్‌స్ట్రుమెంట్ ప్యానెల్ వెనక, మత్తేయి ఎడమ చేతికి దగ్గరలో, సుమారు 100 గ్రాముల ‘కాంపౌండ్ బి’ పేలుడు పదార్థం పెట్టారనీ, చక్రాలు దించే మీట కదలగానే అది పేలిందనీ కలియా తేల్చారు.

దె మౌరోకు రోసీ అప్పగించిన పని ఎంత కీలకమైనదో ఇక్కడ తెలుస్తుంది. చక్రాలతో ముడిపెట్టిన బాంబు ప్రయాణమంతా నోరు మూసుకుని ఉంటుంది, దిగేటప్పుడే పేలుతుంది. అలాంటిది అమర్చాలంటే విమానం నేల మీద ఉండగా దాని దగ్గరికి వెళ్లే వీలు, తగినంత సమయం కావాలి. అవి ఎవరికి దొరికాయో తెలియాలంటే సిసిలీలో గడిచిన ఆ రెండు రోజుల వివరాలే దిక్కు. రోసీ అడిగింది, దె మౌరో వెతుకుతున్నది అవే.

దె మౌరో హత్య కేసులో మాఫియా నాయకుడు తోతో రీనాను పలెర్మో కోర్టు 2011లో నిర్దోషిగా వదిలేసింది. అప్పీలులోనూ ఆ తీర్పే నిలిచింది. అయితే మత్తేయి చావు గుట్టుకు మరీ దగ్గరగా వెళ్లినందుకే దె మౌరోను చంపారని 2011 తీర్పు వివరణలో అదే కోర్టు రాసింది. దె మౌరో ఆచూకీ కోసం వెతికిన ప్రాసిక్యూటర్ స్కల్యోనెను 1971లో, పోలీసు అధికారి బోరిస్ జులియానోను 1979లో, కరబినీరి (సైనిక పోలీసు దళం) అధికారి దల్లా కియెసాను 1982లో మాఫియా చంపింది. ఆ ముగ్గురి మీదా మాఫియాకు వేరే పగలూ ఉన్నాయి కాబట్టి అన్నిటినీ ఈ ఒక్క కేసుకే కట్టలేం.

ఇంత జరిగినా రోసీ సినిమా ఎక్కడా హంతకుడి పేరు చెప్పదు. వాతావరణం, పైలట్ అలసట, విదేశీ చమురు కంపెనీలు, మాఫియా అన్న అనుమానాలన్నీ వరుసగా ముందు పెట్టి ఆగిపోతుంది. కుట్ర సినిమా అనేవాళ్లు మొదట జవాబు చెప్పాల్సింది దీనికే. కలియా కూడా బాంబు పెట్టిందెవరో, పెట్టించిందెవరో తేల్చలేక 2003లో కేసు మూసేయమని కోరారు. ‘మత్తేయి ప్లాన్’ ఒప్పందాల మీద సంతకాలు సాగుతున్నాయి. రెండు హత్యల్లో దేనికీ ఇంతవరకు శిక్ష పడలేదు.