మైనాట్‌లో ఇల్లు కొంటున్నారా? సూరిస్ నది గురించి అపోహలు - వాస్తవాలు

నదుల్లో నీటి లెక్కలు చూడటం నా ఉద్యోగం. అమెరికాలో నార్త్ డకోటాలోని, సూరిస్ నది ఒడ్డునున్న మైనాట్‌కి వచ్చే మనవాళ్లు ఇల్లు చూసుకోగానే నాకు ఫోన్ చేస్తారు. ప్రశ్న దాదాపు ఒకటే: "2011లో వందేళ్ల వరద వచ్చేసిందిగా అన్నా, ఇంక మన కాలంలో రాదుగా?"

రాదని ఎవరు చెప్పినా నమ్మకండి. వందేళ్ల వరద అంటే వందేళ్లకోసారి వచ్చేది కాదు. అంత వరద ఏ ఏడాదైనా రావడానికి నూటికి ఒక వంతు అవకాశం ఉందని అర్థం. నిరుడు వచ్చింది కదా అని ఈ ఏడు అవకాశం తగ్గదు. 30 ఏళ్ల హోమ్ లోన్ తీరేలోపు ఒక్కసారైనా వచ్చే అవకాశం 26 శాతం. పైగా 2011లో వచ్చింది అంతకంటే పెద్ద వరద. 1881 నాటి రికార్డును మూడడుగులకు పైగా దాటింది.

"పైన డ్యాములున్నాయిగా" అనేది దీని వెంటే వచ్చే మాట. ఉన్నాయి. కెనడాలోని సస్కాచెవాన్ రాష్ట్రంలో రాఫర్టీ, అలమీడా, మైనాట్‌కి ఎగువన లేక్ డార్లింగ్. 2011లో కూడా ఉన్నాయి. ముందటి శరదృతువులోనే నేల నానిపోయింది, వసంతంలో కరిగిన మంచుతో రిజర్వాయర్లు నిండాయి, ఆపైన మే, జూన్‌లలో భారీ వానలు. పట్టే చోటు లేక నీళ్లు వదిలారు. ఊళ్లో 4,000కు పైగా ఇళ్లు మునిగాయి, దాదాపు 11,000 మంది ఇళ్లు ఖాళీ చేశారు. చాలామందికి వరద ఇన్సూరెన్స్ లేదు. మామూలు హోమ్ పాలసీ వరద నష్టం ఇవ్వదు.

విజయవాడ నుంచి వచ్చిన ఒకావిడ "మా ఇల్లు మ్యాప్‌లో వరద గీతకి బయటే ఉంది, అయినా భయంగా ఉంది" అన్నారు. ఆమె భయం సబబే. గీతకి అవతల నీళ్లు ఆగిపోవు. ఇద్దరం ఆ వీధంతా నడిచాం. కాలవగట్టు పక్కన పెరిగిన మనిషి కదా, నది ఎటు పొంగుతుందో నాకంటే ముందే ఆవిడే చూపించారు. పాలసీ తీసుకున్నారు, నిద్ర పడుతోందన్నారు.

మిగతావి క్లుప్తంగా. వాన పడకపోతే వరద రాదనుకోవద్దు, ఇక్కడ ఏప్రిల్‌లో ఎండ కాస్తుండగానే మంచు కరిగి నది పొంగుతుంది. కురిసిన నీరంతా నదిలోకి చేరదు, చాలా భాగం పొలాల మధ్య గుంటల్లోనే ఉండిపోతుంది. అవి నిండిన ఏడే ప్రమాదం. ఇక నది దక్షిణానికి పోయి మిసిసిపీలో కలుస్తుందని చాలామంది అంటారు, తప్పు. సస్కాచెవాన్‌లోని వేబర్న్‌కి ఎగువన పుట్టి, ఎస్టెవాన్ మీదుగా అమెరికాలోకి దిగి, మైనాట్, వెల్వా దాటాక ఉత్తరానికి తిరిగి, మళ్లీ కెనడాలోకి వెళ్లి మానిటోబాలో అసినిబోయిన్ నదిలో కలుస్తుంది. ఆ నీరు చివరికి హడ్సన్ బే చేరుతుంది.

వరద గోడల పని దశలవారీగా నడుస్తోంది, దాన్ని చూసుకుని పాలసీ మానేయకండి. ఫెడరల్ వరద పాలసీ మామూలుగా కొన్న 30 రోజులకు గానీ అమల్లోకి రాదు. మంచు పడకముందే, అక్టోబర్‌లోనే ఏజెంట్‌కి ఫోన్ చేయండి. ఇంటి అంతస్తు ఎత్తు చూపే ఎలివేషన్ సర్టిఫికెట్ ఉందేమో అమ్మేవాళ్లని అడగండి.