డీఐ రాకముందే రంగు దిద్దిన పోలండ్ కెమెరా: స్లావోమిర్ ఇజ్యాక్

ఆకాశం ఒక్కటే నల్లబడాలన్నా, మొహం చుట్టూ వెలుగు తగ్గాలన్నా ఇవాళ డీఐ (డిజిటల్ ఇంటర్మీడియట్, అంటే తీసిన సినిమా రంగులను కంప్యూటర్‌లో దిద్దడం) గదిలో చేసేస్తున్నారు. ఆ సదుపాయం లేని రోజుల్లో పోలండ్ ఛాయాగ్రాహకుడు స్లావోమిర్ ఇజ్యాక్ ఆ పని లెన్స్ ముందే ముగించేవారు.

1945లో కతోవిచెలో పుట్టి, వూచ్ ఫిల్మ్ స్కూల్లో చదివారు. పోలండ్‌లో కెమెరామన్ స్క్రిప్టు దశ నుంచే దర్శకుడితో కూర్చుంటాడు. దర్శకుడు కీష్లోవ్‌స్కీ తన టీవీ సిరీస్ 'డెకలాగ్' పది భాగాలను తొమ్మిది మంది ఛాయాగ్రాహకులకు పంచినప్పుడు ఐదోది ఇజ్యాక్‌కు వచ్చింది. ఒక హత్య, ఆపై ఉరిశిక్ష. స్క్రిప్టు చదవడానికే ఒళ్లు జలదరించిందట. ఆకుపచ్చగా తీయనిస్తే, తన ఫిల్టర్లన్నీ వాడనిస్తేనే చేస్తానని షరతు పెట్టారు. దర్శకుడు సరే అన్నాడు. ఆ భాగం నిడివి పెంచిన రూపమే 'ఎ షార్ట్ ఫిల్మ్ అబౌట్ కిల్లింగ్' (1988).

ఆకుపచ్చ అంటే చిగురు, వసంతం కదా. లెన్స్ ముందు పెడితే మాత్రం అది ఎరుపును మింగేస్తుంది. చర్మంలో నెత్తురు పోయి మనిషి రోగిలా కనిపిస్తాడు. దానికి తోడు ఫ్రేము అంచులను నల్లబరిచే ఫిల్టర్లు. వీటితో చిక్కులు చాలా. ఎపర్చర్ (లెన్స్‌లో వెలుగు వచ్చే రంధ్రం) బాగా మూసినా, వైడ్ లెన్స్ వేసినా, ఫిల్టర్‌లో రంగు ఆగిన చోటు తెర మీద గీతలా బయటపడుతుంది. ఎపర్చర్ తెరిస్తే, లెన్స్ పొడుగైతే అంచు కరిగిపోతుంది. నటుడు రెండడుగులు పక్కకు జరిగితే మొహం చీకట్లో కలిసిపోతుంది కాబట్టి నడకనూ ఫిల్టర్‌నూ కలిపే కూర్చాలి. ముదురు ఫిల్టర్ వెలుగును ఎంత తింటుందో ముందే లెక్కేసి ఎక్స్‌పోజర్ పెంచాలి.

మరో గండం ల్యాబు. నెగెటివ్ నుంచి ప్రింటు తీసే యంత్రంలోని ప్రింటర్ లైట్లు ఎరుపు, ఆకుపచ్చ, నీలాలను ఫ్రేము మొత్తం మీద ఒకేలా మారుస్తాయి. పచ్చదనం పొరపాటనుకుని టైమర్ (ల్యాబులో రంగులు సరిచేసే మనిషి) సరిదిద్దితే కష్టమంతా వృథా. అందుకే ఇలా తీసేటప్పుడు గ్రే కార్డును (రంగుల కొలతకు వాడే బూడిదరంగు అట్ట) ఫిల్టర్ తీసేసి షూట్ చేయాలి. ల్యాబు కార్డును తటస్థం చేస్తే సన్నివేశంలో రంగు నిలుస్తుంది. ఒక మూల చీకటిని తీసేయడం మాత్రం ప్రింటర్ లైట్ల వల్ల కాదు. నిర్మాతలు భయపడేదీ, ఇజ్యాక్ పట్టు నిలిచేదీ అక్కడే.

'ది డబుల్ లైఫ్ ఆఫ్ వెరోనిక్' (1991)కి బంగారు పసుపు ఎంచుకున్నారు. 'త్రీ కలర్స్: బ్లూ' (1993)కి వెనిస్‌లో ఛాయాగ్రహణ పురస్కారం వచ్చింది. 'త్రీ కలర్స్' మూడు సినిమాల వరుస; అందులో మిగతా రెండూ వేరే ఛాయాగ్రాహకులవి. మూడింటినీ ఆయనకే అంటగట్టేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. తర్వాత హాలీవుడ్: 'గట్టాకా' (1997), మొరాకోలో తీసిన 'బ్లాక్ హాక్ డౌన్' (2001). రెండోది ఆస్కార్ నామినేషన్ తెచ్చింది. 2007లో హ్యారీ పాటర్ ఐదో సినిమా.

ఇలాంటి సినిమాలను పునరుద్ధరించేటప్పుడే పేచీ. నెగెటివ్ స్కాన్ చేసి చర్మం రంగు 'సహజం' చేయడం నేటి సాఫ్ట్‌వేర్‌కు క్షణాల పని. అలా చేయకుండా ఉండాలంటే తొలి విడుదల ప్రింటును పక్కన పెట్టుకుని, షాటు షాటుకూ పోల్చుకుంటూ గ్రేడింగ్ (రంగులు దిద్దడం) చేయాలి. ఆ ప్రింటు రంగు కూడా వెలిసి ఉండొచ్చు కనుక, కెమెరామన్ బతికుంటే ఆయన్నే పిలిచి పక్కన కూర్చోబెట్టుకోవాలి.