సీజైన ఇసుక బండి ఎవరు వదలాలి?

పోలీస్ స్టేషన్ వెనక వేపచెట్టు కింద ఓ ట్రాక్టర్. ట్రక్కులో పోసిన ఇసుక పోసినట్టే ఉంది. రెండు వానలు పడ్డాక దాని మీద గరిక మొలిచింది. ముందు టైర్లలో గాలి లేదు, బ్యాటరీ ఎప్పుడో మాయమైంది. ఫైనాన్స్ కిస్తీ మాత్రం నెలనెలా వస్తూనే ఉంది. ఏటి ఒడ్డు మండలాల్లో ఇలాంటి బండి కొత్తేమీ కాదు. ఓనర్ తహసీల్దార్ ఆఫీసుకు వెళితే మైన్స్ వాళ్లను అడగమంటారు, మైన్స్ వాళ్లు స్టేషన్‌కు పొమ్మంటారు, స్టేషన్‌లో కోర్టుకు వెళ్లమంటారు. తిప్పించుకుంటున్నారనే అనిపిస్తుంది. కొంత నిజమే కావచ్చు గానీ, అసలు చట్టాలే ఒకదాని మీద ఒకటి అలా పేరుకుపోయాయి.

1957 నాటి గనులు, ఖనిజాల చట్టం మామూలు ఇసుకను చిన్నతరహా ఖనిజాల్లో చేర్చి, దాని నియమాలు రాసుకునే పని రాష్ట్రాలకు వదిలేసింది. మన దగ్గర 1966లో ఆ నియమాలు వచ్చాయి. అప్పటికి ఇసుక అంటే సీనరేజీ (ఖనిజం తవ్వినందుకు సర్కారుకు కట్టే రుసుం), పర్మిట్, ఖజానాకు వచ్చే రాబడి. మలుపు 1999లో వచ్చింది. ఆ ఏడాది చేసిన సవరణతో అనుమతి లేకుండా ఖనిజాన్ని తరలించడం, నిల్వ చేయడం కూడా నేరమైంది. అధికారం ఉన్న అధికారి బండిని సీజ్ చేయొచ్చు, కానీ దాన్ని శాశ్వతంగా సర్కారు పరం చేయాలంటే కోర్టు ఉత్తర్వు కావాలి. పట్టుకునే చెయ్యి ఒకటి, జప్తు చేసే చెయ్యి ఇంకొకటి అయ్యాయి. ఇప్పటికీ చాలామంది ఓనర్లకు ఈ తేడా తెలియదు. 2002లో ఉమ్మడి రాష్ట్రంలో నీరు, భూమి, చెట్ల రక్షణకు వాల్టా చట్టం వచ్చింది. వాగులో ఇసుక తోడేస్తే పక్క పొలాల బావులు ఎండిపోతున్నాయన్న దిగులు దాని వెనక ఉంది. దాంతో రెవెన్యూ వాళ్లూ రంగంలోకి దిగారు.

అదే 2002 అక్టోబరు 1న సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన తీర్పుకు ఇసుకతో సంబంధం లేదు. తమాషా ఏమిటంటే, అందులో నిందితులు పోలీసులే. స్టేషన్‌లో ఉన్న కేసు సొత్తును మాయం చేశారన్నది ఆరోపణ. వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచి తుప్పు పట్టించొద్దు, ఫోటోలు తీసి, పంచనామా రాసి, బాండు, పూచీకత్తు తీసుకుని వదలండి అని కోర్టు చెప్పింది. 2010లో ఆంధ్రప్రదేశ్ ప్రతివాదిగా ఉన్న ఓ బీమా కేసులోనూ దీన్ని అమలు చేయాలని మళ్లీ గుర్తుచేసింది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని 451వ సెక్షన్ పేరుతో కోర్టు వరండాల్లో ‘451 పిటిషన్’ అని వినబడేది ఈ దారే.

2014లో యమునా నది ఇసుక మీద మరో తీర్పు వచ్చింది. పర్మిట్ లేకపోవడం ఒక నేరం, సర్కారు ఇసుకను ఎత్తుకుపోవడం దొంగతనం కింద ఇంకో నేరం, రెండూ పెట్టొచ్చని సుప్రీంకోర్టు తేల్చింది. దాంతో పోలీసులకు తలుపు బార్లా తెరుచుకుంది. మరుసటి ఏడాది గనుల చట్టానికి చేసిన సవరణతో జైలు శిక్ష గరిష్ఠంగా రెండేళ్ల నుంచి ఐదేళ్లకు పెరిగింది. 2020లో జయంత్ కేసు తీర్పు ఇంకో ముడి వేసింది. మైన్స్ శాఖకు రాజీ రుసుం కడితే గనుల చట్టం కింద కేసు పోతుంది, దొంగతనం కేసు పోదు. “డబ్బు కట్టాను, రసీదు ఇదిగో” అన్నా బండి కదలకపోవడానికి ఇదొక కారణం.

బాండు మీద వదిలిన బండ్లు మళ్లీ ఏట్లోకే దిగుతున్నాయన్న కోపమూ కోర్టుల్లో ఉంది. 2018లో మద్రాస్ హైకోర్టు మధురై బెంచ్ ఇసుక బండ్లను మధ్యలో తిరిగి ఇవ్వొద్దని, జప్తు దిశగా వెళ్లాలని కఠినంగా చెప్పింది. నన్నడిగితే ఆ కోపం న్యాయమైనదే, కానీ తుప్పు పట్టిన ట్రాక్టర్ వల్ల ఏటికి ఒరిగిందేమీ లేదు. బండి మళ్లీ పట్టుబడితే ఏం చేయాలన్నది వేరే ప్రశ్న.

వదిలేటప్పుడు కోర్టులు మామూలుగా బండి విలువకు తగ్గ బాండు, జామీనుదారులను అడుగుతాయి. బండి అమ్మకూడదు, రంగు మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలి. ఇది తాత్కాలిక అప్పగింతే, కేసు చివర్లో జప్తు కత్తి వేలాడుతూనే ఉంటుంది.

ఈలోగా పాలసీలు మారుతూ వచ్చాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2016లో ఉచిత ఇసుక, 2019లో ఖనిజాభివృద్ధి సంస్థ ద్వారా అమ్మకం, 2024లో మళ్లీ ఉచితం. ప్రతిసారీ డ్రైవర్ జేబులో ఉండాల్సిన కాగితం మారింది. నిరుడు చెల్లిన కాగితం ఈసారి చెల్లదు.

2024 జులై 1 నుంచి పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ బదులు భారతీయ నాగరిక్ సురక్షా సంహిత అమల్లోకి రావడంతో, 451 స్థానంలో దాని 497వ సెక్షన్ వచ్చింది. సొత్తు తన ముందుకు వచ్చిన 14 రోజుల్లో కోర్టు దాని వివరాలు రాసి ఫోటోలు తీయించాలి, ఆ తర్వాత 30 రోజుల్లో ఏం చేయాలో తేల్చాలి. అయితే ఆ లెక్క మొదలయ్యేది బండి కోర్టు ముందుకు వచ్చిన రోజు నుంచే. కాగితం ఆఫీసు బల్ల దాటకపోతే వేపచెట్టు కింద ట్రాక్టర్‌కు ఒకటో రోజు కూడా రాదు.