హౌజింగె: సముద్రాన్ని గెలిచిన పల్లె కింద కదిలిన నేల

2012 ఆగస్టు 16 రాత్రి పదిన్నర వేళ నెదర్లాండ్స్ ఉత్తర కొసన, గ్రోనింగెన్ రాష్ట్రంలోని హౌజింగె అనే చిన్న పల్లె కింద భూమి కంపించింది. తీవ్రత 3.6. హిమాలయాల్లోనైతే ఎవరూ పట్టించుకోని అంకె. ఇక్కడ మాత్రం కదలిక పుట్టింది సుమారు 3 కిలోమీటర్ల లోతులోనే. మెత్తటి బంకనేల ఆ ఊపును ఇంకా పెంచింది. ఇటుక గోడలు నెర్రెలు విచ్చాయి. ఆ దేశంలో గ్యాస్ తవ్వకం వల్ల వచ్చిన భూకంపాల్లో ఇప్పటికీ అతి పెద్దది అదే.

ఈ ప్రాంతపు పాత ఊళ్లన్నీ మనుషులు పోసుకున్న దిబ్బల మీద నిలిచినవే. కరకట్టలు లేని కాలంలో పోటు వచ్చినప్పుడల్లా సముద్రం పొలాల మీదికి వచ్చేది. జనం మట్టి, పేడ, చెత్త పోసి తరతరాలుగా నేలను ఎత్తు చేసుకున్నారు. ఆ దిబ్బలను స్థానికులు ‘వీర్డె’ అంటారు. హౌజింగె వీర్డె మీద 13వ శతాబ్దపు చర్చి నేటికీ ఉంది. నీటిని అంతగా ఎరిగిన ఈ ఊరికి ముప్పు కాళ్ల కిందనుంచి వచ్చింది.

1959లో ఇదే రాష్ట్రంలోని స్లోఖ్‌టెరెన్ దగ్గర ఒక పొలంలో సహజ వాయువు బయటపడింది. అది యూరప్‌లోనే అతి పెద్ద గ్యాస్ క్షేత్రమని తర్వాత తేలింది. షెల్, ఎస్సో సగం సగం భాగస్వాములుగా ఉన్న ‘నామ్’ సంస్థ 1963లో ఉత్పత్తి మొదలుపెట్టింది. కొద్ది ఏళ్లలోనే దేశమంతటా వంటింటి పొయ్యిలు, చలికాలపు హీటర్లు ఈ గ్యాస్‌తోనే వెలిగాయి. గ్యాస్ తీసేకొద్దీ ఇసుకరాతి పొరలో పీడనం తగ్గి ఆ రాయి అణుగుతుంది. పాత పగుళ్ల వెంట బండలు జారితే పైన భూమి కంపిస్తుంది.

ఈ సంగతి ముందే చెప్పినవారు లేకపోలేదు. 1986లో అస్సెన్ పట్టణంలో భూమి కంపించినప్పుడు గ్యాస్ తవ్వకమే కారణమని భూగోళ శాస్త్రవేత్త మేంట్ వాన్ డెర్ స్లౌస్ గట్టిగా వాదించారు. ఆయన మాటను తేలిగ్గా కొట్టిపారేశారు. అధికారిక అధ్యయనం ఆ సంబంధాన్ని ఒప్పుకొనేసరికి 1993 వచ్చింది.

హౌజింగె ఘటన తర్వాత జరిగింది నాకు మరింత బాధాకరంగా తోస్తుంది. వీలైనంత త్వరగా, వీలైనంత ఎక్కువగా ఉత్పత్తి తగ్గించాలని గనుల పర్యవేక్షణ సంస్థ 2013 జనవరిలో సలహా ఇచ్చింది. ఆ ఏడాది ఉత్పత్తి తగ్గకపోగా సుమారు 5,400 కోట్ల ఘనపు మీటర్లకు పెరిగింది. హెచ్చరిక చేతిలో ఉండగానే ఇంకా ఎక్కువ తోడారు.

2018 జనవరిలో అదే ప్రాంతంలోని జేరైప్ పల్లెలో 3.4 తీవ్రతతో భూమి మళ్లీ కంపించాక గానీ ప్రభుత్వం తవ్వకానికి స్వస్తి చెప్పాలని నిర్ణయించలేదు. గ్రోనింగెన్ వాసుల క్షేమాన్ని ఏళ్ల తరబడి పక్కన పెట్టారని 2023 ఫిబ్రవరిలో పార్లమెంటరీ విచారణ సంఘం తేల్చింది. అప్పటివరకు ఈ గ్యాస్ వల్ల ఖజానాకు చేరింది సుమారు 36,300 కోట్ల యూరోలు. పగుళ్లకు పరిహారం అడిగిన ఇంటివారు మాత్రం కాగితాలు పట్టుకుని ఏళ్లూపూళ్లూ తిరిగారు.

2023 అక్టోబర్ 1న ఉత్పత్తి ఆగింది. 2024 ఏప్రిల్‌లో చట్టం చేసి క్షేత్రాన్ని శాశ్వతంగా మూసేశారు. లోపలి పీడనం ఇంకా సర్దుకోలేదు కాబట్టి కంపనాలు మరికొన్నేళ్లు వస్తూనే ఉంటాయి. పల్లెల్లో ఇళ్లను బలపరిచే పని, కొన్నిచోట్ల పూర్తిగా పడగొట్టి మళ్లీ కట్టే పని ఇంకా సాగుతోంది.