ఆల్ఫ్రెడ్ మౌర్స్టాడ్ సినిమాలు అంత తక్కువ ఎందుకు?

పాత నార్వే సినిమాల్లో ‘ఫాంట్’ (1937), ‘గ్యెస్ట్ బోర్డ్‌సెన్’ (1939) చూసినవాళ్ళు ఎవరైనా అడిగే మాట ఒకటుంది. ఇంత నటుడు మిగతా కాలమంతా ఏం చేశాడు, ఆయన సినిమాలు ఇంకా ఎందుకు లేవు అని. లోపం ఆల్ఫ్రెడ్ మౌర్స్టాడ్‌లో లేదు. సంగతి అర్థం కావాలంటే 1913 నాటి ఒక చట్టం దగ్గర మొదలుపెట్టాలి.

ఆ చట్టం ప్రకారం ఊళ్ళో సినిమా ఆడించాలంటే మునిసిపాలిటీ అనుమతి తప్పనిసరి. దాంతో మునిసిపాలిటీలు ప్రైవేటు వాళ్ళకి లైసెన్సులు తగ్గించేసి హాళ్ళు తామే నడపడం మొదలుపెట్టాయి, 1920లు ముగిసేసరికి ఓస్లోతో సహా పెద్ద ఊళ్ళలో హాళ్ళన్నీ దాదాపు వాటి చేతిలోకే వెళ్ళాయి. టికెట్ల మీద వచ్చిన లాభం ఊరి పనులకు పోయింది. ఓస్లోలో 1963లో చిత్రకారుడు మూంక్ బొమ్మల కోసం ఒక మ్యూజియం తెరిచారు, అది కట్టింది ఈ సినిమా హాళ్ళ డబ్బుతోనే. మంచి పనే, కాదనను. కానీ హాలు సంపాదించిన డబ్బు మళ్ళీ కొత్త సినిమాలోకి రావాలి, అక్కడ ఆ దారి తెగిపోయింది. పైగా దేశం మొత్తం కలిపినా అప్పట్లో ముప్పై లక్షల జనాభా లేదు. అందుకే ఏడాదికి వచ్చే సినిమాలు వేళ్ళ మీద లెక్కపెట్టేన్ని. 1932లో మునిసిపాలిటీలే నోర్స్క్ ఫిల్మ్ కంపెనీ పెట్టి, 1935లో ఓస్లో పక్కన యార్‌లో స్టూడియో తెరిచాక కాస్త ఊపిరి ఆడింది.

మౌర్స్టాడ్‌కి సరిగ్గా ఆ కొద్ది సందే దొరికింది. 1896లో పడమటి తీరాన నోర్డ్‌ఫ్యోర్డ్ ప్రాంతంలో పుట్టారు. హార్డింగ్‌ఫేలె బాగా వాయించేవారు. అది ఆ ఊళ్ళ వయొలిన్, కమాను తగిలే తీగల కింద ఇంకో వరస తీగలుంటాయి, పైవి మోగితే అవీ వాటంతటవే మోగుతాయి. ఆయనకి అన్నం పెట్టింది మాత్రం నాటకం. 1920లలో డెట్ నోర్స్కె తియేట్రెట్ అనే నాటకశాలలో, ఆ తర్వాత నేషనల్ థియేటర్‌లో. హెన్రిక్ ఇబ్సెన్ నాటకం ‘పేర్ గింట్’లో ఆయన వేసిన పేర్ గింట్ వేషానికి పెద్ద పేరు.

‘ఫాంట్’లో ఆయన ఫెర్డినాండ్, పడవలో తీరం వెంట తిరిగే దేశదిమ్మరి. ఇష్టంలేని పెళ్ళి తప్పించుకుని పారిపోతున్న జోసెఫా ఆ పడవ ఎక్కుతుంది. ఆ నవ్వు చూసి ఆ పిల్ల నమ్మేస్తుంది, మనమూ నమ్మేస్తాం, తర్వాత అదే నవ్వు చూస్తే భయమేస్తుంది. రంగస్థలం మీద వెనక వరస దాకా వినిపించేలా నటించడం అలవాటైన మనిషి కెమెరా ముందు ఇంత తగ్గి చేయడం నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. రెండు సినిమాలకీ దర్శకుడు తాంక్రెడ్ ఇబ్సెన్. నార్వే పెద్ద రచయితలు హెన్రిక్ ఇబ్సెన్, బ్యోర్న్‌సన్ ఇద్దరూ ఆయనకి సొంత తాతలు, ఒకరు తండ్రి వైపు, ఒకరు తల్లి వైపు.

‘గ్యెస్ట్’ 1939 డిసెంబర్‌లో విడుదలైంది. నాలుగు నెలలు తిరక్కుండానే, 1940 ఏప్రిల్ 9న జర్మన్ సైన్యం దిగింది. దేశంలో సినిమా రంగం మొత్తం కొత్త ప్రభుత్వ డైరెక్టరేట్ గుప్పిట్లోకి వెళ్ళింది. రేడియోలో నటించమంటే కాదన్న కొందరి పర్మిట్లు రద్దు చేస్తే, 1941లో నాటక నటులు వారాల తరబడి సమ్మె చేశారు, అరెస్టులయ్యాయి. ఆ పరిస్థితుల్లోనే మౌర్స్టాడ్ 1942లో ‘త్రిసిల్-క్నుత్’లో హీరోగా చేశారు, ‘ఎన్ హెర్రె మెద్ బార్ట్’ అనే కామెడీకి దర్శకత్వం కూడా వహించారు. మరుసటి ఏడు తాంక్రెడ్‌ని పట్టుకుని జర్మనీలో ఖైదు చేశారు. ఊపందుకున్న జోడీ అలా విడిపోయింది.

నిర్మాతలకి ప్రభుత్వ సాయం స్థిరపడింది 1950లలో. అప్పటికి మౌర్స్టాడ్‌కి యాభై దాటాయి. ఆయన 1967లో పోయారు. కొడుకు తొరాల్వ్ కూడా ముందు నాటకం మనిషే, తర్వాత నేషనల్ థియేటర్‌కి అధిపతి అయ్యారు. 1975లో వచ్చిన బొమ్మల సినిమా ‘ఫ్లోక్లిపా గ్రాన్ ప్రీ’లో పిరికి లుడ్విగ్ గొంతు ఆయనదే. నార్వేలో జనం అంతగా చూసిన సొంత సినిమా ఇంకోటి లేదు.