మియావోల మైనపు అద్దకం: అపోహలు - వాస్తవాలు

నేను నీలిమందు అద్దకం చేస్తాను. చైనాలోని గ్వెయిజౌ రాష్ట్రంలో ఉండే మియావో అనే జాతి ఆడవాళ్ల మైనపు అద్దకమంటే నాకు ప్రాణం. బట్ట మీద వేడి మైనంతో బొమ్మ గీసి నీలిమందులో ముంచుతారు; మైనం ఉన్నచోట రంగు అంటక తెల్లగా మిగులుతుంది. దాని గురించి ఎక్కువగా వినబడే తప్పు మాటలివి.

అపోహ: మైనం పగిలినచోట రంగు దిగి పడే పగుళ్ల గీతలు బట్ట మీద ఎన్ని ఉంటే అంత అసలైన సరుకు.

వాస్తవం: నిజానికి చాలావరకు దీనికి తలకిందులు. తేనెమైనానికి సాగే గుణం ఉంది, అంత తేలిగ్గా పగలదు. పెట్రోలియం నుంచి తీసే పారఫిన్ మైనం పెళుసు. పర్యాటకులకు అమ్మే బట్టల్లో పారఫిన్ కలిపి, నలిపి, కావాలనే పగుళ్లు తెప్పిస్తారు. గ్వెయిజౌలోని దాన్‌జాయ్‌లో చేయి తిరిగిన ఆడవాళ్లకు గీత శుభ్రంగా రావడమే ముఖ్యం. వాళ్ల పనిముట్టు వెదురు పుల్లకు కట్టిన రెండు మూడు పల్చటి రాగి రేకులు, అంతే. రేకుల సందులో నిలిచిన వేడి మైనం కొద్దికొద్దిగా బట్ట మీదికి దిగుతుంది. ముందుగా బొమ్మ వేసుకోరు. గోటితోనో సూదితోనో నాలుగు గుర్తులు పెట్టుకుని, సుడులు చకచకా తిప్పేస్తారు. ఆ చేతి వేగం చూశాక పగుళ్ల గురించి ఎవరూ అడగరు.

అపోహ: బట్టను నీలం నీళ్లలో ఉడకబెడతారు.

వాస్తవం: ఉడికిస్తే మైనం నిలుస్తుందా? తేనెమైనం 60 డిగ్రీలు దాటగానే కరిగిపోతుంది. అందుకే పులియబెట్టిన చల్లటి నీలి తొట్టి. పైకి తీసినప్పుడు బట్ట పచ్చగా ఉంటుంది, గాలి తగిలాకే నీలమవుతుంది. ముదురు రంగు కావాలంటే మళ్లీ మళ్లీ ముంచాలి. మరిగే నీళ్ల పని చివర్లో, మైనం వదిలించడానికి. మన మచిలీపట్నం కలంకారీలోనూ ఒకప్పుడు నీలం వేయడానికి ఇలాగే మైనం పూసేవారు.

అపోహ: మియావోలందరిదీ ఒకే కట్టు, రోజూ వెండి కొమ్ముల కిరీటం.

వాస్తవం: 2020 జనగణన ప్రకారం చైనాలో వాళ్లు కోటీ పది లక్షలు. లోయ మారితే కట్టు మారుతుంది. కొమ్ముల కిరీటం ఆగ్నేయ గ్వెయిజౌలో, అదీ పండగలకూ పెళ్లిళ్లకూ. పొలానికి మామూలు బట్టలే.

అపోహ: సీతాకోకచిలుక బొమ్మలు కేవలం అందం కోసం.

వాస్తవం: ఆగ్నేయ గ్వెయిజౌ పాత పాటల్లో సీతాకోకచిలుక అందరికీ తల్లి. మేపుల్ చెట్టులోంచి పుట్టి 12 గుడ్లు పెట్టింది. తొలి మనిషి జియాంగ్ యాంగ్, పులి, గేదె, ఉరుము, డ్రాగన్ వాటిలోంచే వచ్చాయి.

కొనేముందు బట్ట తిరగేసి చూడండి. తొట్టిలో ముంచిన బట్టకు రెండు వైపులా నీలం దాదాపు ఒకేలా ఉంటుంది. వెనక వెలిసినట్టుంటే అది ప్రింటే అనుకోవచ్చు.