సంతకం పెట్టకపోతే టవర్ ఆగుతుందా? హైటెన్షన్ లైన్ల మీద అపోహలు - వాస్తవాలు

నెలకు నలుగురైదుగురు ఇదే మాటతో మా ఆఫీసుకు వస్తారు. "నేను సంతకమే పెట్టలేదు సార్, నా పొలంలో టవర్ ఎట్లా వేస్తారు?"

వేస్తారు. విద్యుత్ చట్టం 2003, సెక్షన్ 164 కింద ప్రభుత్వం ఆర్డరు ఇస్తే లైన్ వేసే సంస్థకు 1885 టెలిగ్రాఫ్ చట్టంలోని అధికారాలు వస్తాయి. అప్పుడు పట్టాదారు ఒప్పుకోవాల్సిన పని లేదని సుప్రీంకోర్టు 2016లోనే తేల్చేసింది. టెలిగ్రాఫ్ చట్టం రద్దయింది కదా అని వాట్సాప్‌లో తిప్పుతున్నారు, కరెంటు లైన్లకు సంబంధించిన భాగాన్ని 2023 టెలికం చట్టం అలాగే ఉంచింది. కాబట్టి ఆ ఫార్వర్డులు ఆపండి.

సంతకం పెట్టలేదన్న ధీమాతో ఇంట్లో కూర్చుని కాగితం మీద ఒక్క ముక్క రాయకపోవడమే అసలు కొంప ముంచుతోంది. మన మాట చెప్పుకునే చోట్లు లేకపోలేదు. లైన్ వెళ్లే ఊళ్ల పేర్లతో పేపర్లో చిన్న అక్షరాల ప్రకటన వస్తుంది, మామూలుగా రెండు నెలల్లో అభ్యంతరాలు చెప్పమంటారు. అది దాటిపోయినా, పనికి అడ్డు చెబితే లైన్ వేసేవాళ్లు టెలిగ్రాఫ్ చట్టం సెక్షన్ 16(1) కింద కలెక్టర్ దగ్గరికి వెళ్లాలి. మా వాదన కూడా విన్నాకే ఆర్డరు ఇవ్వండి అని అడగాల్సింది అక్కడ. అడ్డు చెప్పడమంటే జేసీబీ ముందు పడుకోవడం కాదు, సర్వే నంబరు వేసి, టవర్‌ను గట్టు వైపు జరిపితే ఎవరికీ నష్టం లేదని చిన్న స్కెచ్‌తో రాసి, ఇచ్చినట్టు స్టాంపు వేయించుకోవడం. ముందు "164 ఆర్డరు కాపీ చూపించండి" అనండి. అది లేకపోతే విద్యుత్ చట్టం కింద వచ్చిన 2006 రూల్స్ ప్రకారం మీ అనుమతి కావాలి, మీరు కాదంటే కలెక్టర్ రాతపూర్వకంగా పర్మిషన్ ఇవ్వాలి.

ఒక పెద్దాయన ఇలాగే మూడు నెలలు ధీమాగా ఉన్నాడు. నా దగ్గరికి వచ్చేసరికి మామిడి చెట్లు కొట్టేశారు, పంచనామా కాపీ ఆయన చేతిలో లేదు. ఇరవై నాలుగు చెట్లు అంటాడు, వాళ్ల కాగితంలో తొమ్మిది. చివరికి మనవడు బండి మీద కూర్చుని దిగిన ఫొటో ఒకటి ఫోన్లో దొరికింది, దాన్ని పెద్దది చేసి ఇద్దరం వేలితో లెక్కపెట్టాం. పదకొండు కనిపించాయి. మిగతావి బండి వెనకాల ఉన్నాయని ఆయన ఒట్టేసి చెబుతాడు, నేనూ నమ్ముతాను, జడ్జి గారికి చూపించేదేమీ లేదే! సర్వే వాళ్లు రాళ్లు పాతిన రోజే చెట్టు చెట్టుకూ ఫొటో తీయండి, పంచనామా చదివే సంతకం పెట్టండి.

ఇక నష్టపరిహారం చెక్కు తీసుకుంటే కేసు పోతుందనే భయం. పోదు. సరిపోలేదంటే 16(3) కింద జిల్లా జడ్జి దగ్గర అడగొచ్చు. "అభ్యంతరంతో తీసుకున్నాను" అని రాసిచ్చి తీసుకోండి, ఇంట్లో అవసరాలు ఆగవు కదా.

రేటు సంగతి: కేంద్రం 2024 జూన్‌లో ఇచ్చిన మార్గదర్శకాల్లో టవర్ కాళ్ల మధ్య స్థలానికి భూమి విలువకు రెండింతలు, తీగల కింద కారిడార్‌కు 30 శాతం అని ఉంది. 66 కేవీ, ఆ పైన లైన్లకే. మన రాష్ట్రం దాన్ని ఏ మేరకు అమలు చేస్తోందో కలెక్టరేట్‌లో జీవో అడిగి తీసుకోండి, మధ్యవర్తి నోటిమాట మీద వద్దు.

భూమి వాళ్లదైపోతుందా? కాదు, వాడుకునే హక్కే వాళ్లది, పాస్‌బుక్‌లో మీ పేరే ఉంటుంది. కాకపోతే తీగల కింద ఇల్లు కట్టుకోనివ్వరు. కౌలుదారుకు ఏమీ రాదనేది కూడా తప్పు, నష్టపోయిన పంట ఎవరిదైతే వాళ్లు అడగొచ్చు. కౌలు కాగితం లేకపోతే విత్తనాల బిల్లైనా దాచుకోండి.